పేరు ఒక్కటే వచ్చింది

మోరిస్‌విల్, నార్త్ కరొలైనా
ఫిబ్రవరి 12, 2011

శశక్కా,

ఈ ఉత్తరం నీకు అందడానికి మూడు వారాలు పడుతుందని తెలిసీ ఆగలేక రాస్తున్నాను. ఆఫీసు ఈమెయిల్లో పని సంగతులే రాసుకోవాలి, మన మాటలకి కాగితమే మంచిది అని నియమం పెట్టింది నువ్వే. హాస్టల్లో పక్క మంచం మీద పడుకుని కూడా నాకు చీటీలు రాసేదానివి.

ఉగాండాలో నీళ్ళ పనులు చూసే మీ సంస్థ వాళ్ళకి నువ్వు గట్టిగా చెప్పబట్టే ఈ పని మా కంపెనీకి వచ్చింది. మా మేనేజర్ దామోదర్ గారు నన్నే చూడమన్నారు. ఉగాండా పల్లెల్లో బోరింగు పాడైనా, ఎవరైనా దానికి తాళం వేసినా, ఆడవాళ్ళు ఫోన్ నుంచి ఒక చిన్న మెసేజ్ పంపుతారు. పేరు, ఊరి నంబరు, సమస్య నంబరు. అంతే. ఒకటంటే పంపు పాడైంది, రెండంటే తాళం వేశారు, మూడంటే నీళ్ళు మురికిగా ఉన్నాయి, అలా ఆరు దాకా పట్టిక ఉంది. మెసేజ్ ఇక్కడి మా కంప్యూటర్‌కి వచ్చి, అక్కడి సబ్‌కౌంటీ ఆఫీసుకి వెళ్తుంది. మన మండలాఫీసు లాంటిదే అని చెప్పావు కదా. నెలకోసారి ఆ జాబితా ప్రింటు తీసి ఆఫీసు గోడకి అంటిస్తారు, మీటింగులో పైకి చదువుతారు. చదివాక ఎవరూ మాకు తెలీదనడానికి ఉండదు.

మొదట తయారైన ఫారంలో పేరు ఉండాల్సిన చోట ఇంటి యజమాని పేరు అని ఉంది. నేను ఒప్పుకోలేదు. మెసేజ్ పంపిన మనిషి పేరే ఉండాలన్నాను. మూడు మీటింగులు పట్టింది. చివరికి దామోదర్ గారు, "ఒక్క కాలమ్ కోసం ఇంత యుద్ధమేంటి ఇంద్రజా? సరే, చేంజ్ చేసెయ్. రేపు ఏదైనా తేడా వస్తే నిన్నే అడుగుతాను" అని నవ్వారు.

ఎందుకు పట్టుబట్టానో నీకు చెప్పక్కర్లేదు. నేను ఆరో తరగతిలో ఉన్నప్పుడు మా అమ్మ గ్రామసభలో లేచి నిలబడి, మా వాడకి నల్లా కావాలని అడిగింది. మా ఇంట్లో అక్షరం ముక్క వచ్చినదాన్ని నేనొక్కదాన్నే కాబట్టి, సెక్రటరీ రిజిస్టర్లో ఏం రాశాడో చూడమని మా నాన్న నన్ను తీసుకెళ్ళాడు. 'హనుమయ్య భార్య నల్లా కోరినది' అని ఉంది. అమ్మ పేరు మణెమ్మ. అది ఎక్కడా లేదు. నల్లా పక్క వీధికి పోయింది. అడిగిన మనిషికి పేరే లేకపోతే జవాబు ఎవరికి చెప్తారు?

నువ్వు నేర్పించే ఆడవాళ్ళ పేర్లు రాయి అక్కా. ఇక్కడ టెస్టింగ్‌లో ఏవో ఉత్తుత్తి పేర్లు పెట్టుకున్నాం. నిజం పేర్లు చూడాలని ఉంది.

నీ
ఇందు


జింజా, ఉగాండా
మార్చి 21, 2011

ఇందూ,

నీ ఉత్తరం పోస్టాఫీసు పెట్టెలో పది రోజులు పడుకుంది. ఇక్కడ పోస్టుమాన్ ఇంటికి రాడు, రెండు వారాలకోసారి నేనే ఊరి నుంచి జింజా వచ్చి పెట్టె తెరుచుకోవాలి.

యుద్ధం గెలిచావన్నమాట. హాస్టల్లో సాంబారులో పురుగొచ్చిందని వార్డెన్ మీద అర్జీ రాసి, కింద అందరికంటే పెద్ద అక్షరాలతో సంతకం పెట్టినదానివి. ఆ తర్వాత వారం రోజులు మనిద్దరి చేతా డెబ్బై మంది కంచాలు కడిగించారు. ఆ భాగం మరిచిపోయావేమో, నా చేతులు మరిచిపోలేదు.

నిజం పేర్లు అడిగావు. మొదటి పేరు కగోయా. ముప్పై ఏళ్ళుంటాయేమో, తనకీ సరిగ్గా తెలీదు. ముటేసి అని ఏడేళ్ళ కూతురు. ఊరి నీళ్ళ కమిటీలో ఉన్న ఒకే ఒక్క ఆడమనిషి. కమిటీ పెద్దకి ఇటుకల బట్టీ ఉంది. తెల్లవారి పంపు తాళం తీయగానే ముందు అతని మనుషులు ఇటుకల మట్టికి నీళ్ళు తోడుకుంటారు. ఆడవాళ్ళు పసుపుపచ్చ డబ్బాలు వరసలో పెట్టి ఎండెక్కేదాకా కూర్చుంటారు. ఆ వరస చూస్తే హాస్టల్లో మన నీళ్ళ ట్యాంకరు రోజులు గుర్తొస్తాయి.

కగోయా బడికి వెళ్ళలేదు. అక్షరాలు ఫోన్ మీటల మీదే నేర్చుకుంది. పలక మీద కె రాయమంటే రాదు, ఫోన్ మీద ఎక్కడుందో అడిగితే కళ్ళు మూసుకుని చూపిస్తుంది. తన పేరుని పాటలా పాడుతుంది. ఐదు రెండుసార్లు, రెండు ఒకసారి, నాలుగు ఒకసారి, ఆరు మూడుసార్లు, తొమ్మిది మూడుసార్లు, రెండు ఒకసారి. నొక్కి చూడు, సరిగ్గా వస్తుంది. "మీ దేశంలో కూడా నా పేరు ఇన్ని నొక్కులేనా?" అని అడిగింది. ఔనన్నాను. చాలా సంతోషించింది.

ఒక్క మాట అడుగుతాను, కోప్పడకు. పేరు ఆఫీసు వాళ్ళకి తెలిస్తే చాలదా, గోడ మీద కూడా పడాలా? ఇక్కడ ఏ తగాదా అయినా ఇంటి మగవాడి పేరు మీదే, వాళ్ళ వంశం పెద్దల ముందే మాట్లాడుకుంటారు. అది మంచిదని అనడం లేదు. నాకూ తేల్చి చెప్పడం రావడం లేదు. ఆలోచించు.

శశికళ


మోరిస్‌విల్
మే 2, 2011

శశక్కా,

ఇక్కడ పైన్ చెట్ల పుప్పొడి రాలి కార్లన్నీ పసుపు పూసినట్టున్నాయి. తుమ్ముతూ రాస్తున్నాను, అక్షరాలు వంకరగా ఉంటే ఏమనుకోకు.

నీ ప్రశ్న గురించి వారం రోజులు ఆలోచించాను. దామోదర్ గారు కూడా దాదాపు అదే మాట అన్నారు. పేరు బదులు ప్రతి మనిషికీ ఒక కోడ్ ఇద్దాం, గోడ మీద కోడ్ వేద్దాం అన్నారు. నేను వద్దన్నాను. కోడ్ అంటే ఇంకో రకం 'ఫలానావాడి భార్య' అక్కా. నల్లా మా వాడకి రాకపోవడానికి కారణం అమ్మ మాట్లాడకపోవడం కాదు, మాట్లాడింది అమ్మ అని ఎక్కడా లేకపోవడం. భయపడి దాచిన పేరు ఎన్నేళ్ళకి బయటికొస్తుంది? మొదట్లో కొంచెం గొడవ ఉంటుంది. మన అర్జీకీ కంచాలు కడిగించారు, నిజమే. కానీ ఆ తర్వాత సాంబారు మారింది.

జూన్ ఒకటో తారీఖు నుంచి మొదలుపెడుతున్నాం. గోడ మీద పూర్తి పేరు, పెద్ద అక్షరాలతో. అక్షరాల సైజు కూడా నేనే ఎంచాను.

ఇంకో సంగతి, నవ్వుతావు. మా పక్క అపార్ట్‌మెంట్‌కి నాగమణి ఆంటీ అని ఒకావిడ కొడుకు దగ్గర ఉండడానికి వచ్చారు. మొన్న నా తలుపు తట్టి, "ఒక్కసారి నీ ఫోన్ ఇస్తవా అమ్మా, మా చెల్లెతోని మాట్లాడాలె" అన్నారు. మీ ఫోన్ లేదా ఆంటీ అంటే, ఉంది కానీ దాని బిల్లులో ఏ నంబరుకి ఎంతసేపు మాట్లాడారో అంతా వస్తుందట, కోడలు చదువుతుందట. చెల్లెలితో మాట్లాడితే తప్పేముంది, ధైర్యంగా మాట్లాడండి అని లెక్చర్ ఇచ్చాను. ఆవిడ అంతా విని, "అట్లనే లే, ముందైతే ఫోన్ ఇయ్యి" అన్నారు.

మా ఇంట్లో చెప్పకు, నా హెచ్‌వన్ వీసా ఎక్స్‌టెన్షన్ ఈ ప్రాజెక్ట్ మీదే ఆధారపడి ఉంది. ఇది ఆగితే నన్ను ఉంచుకోవడానికి మా కంపెనీకి వేరే కారణం లేదు. ఐనా అందుకోసం కాదు, నిజంగా కాదు. కగోయా పేరు రోజూ నొక్కి చూసుకుంటున్నాను.

నీ
ఇందు


జింజా
జూలై 17, 2011

ఇందూ,

మొదటి జాబితా గోడకెక్కింది. మొదటి పేరు కగోయా. ఆమె పంపిన మెసేజ్ రెండో నంబరు, తాళం వేశారని.

నువ్వు ఇక్కడ ఉండాల్సింది. మీటింగుకి ఆడవాళ్ళు పద్దెనిమిది మంది వచ్చారు. ఎప్పుడూ ఇద్దరో ముగ్గురో వస్తారు, అదీ టీ కోసం అని మగవాళ్ళు ఎగతాళి చేస్తారు. క్లర్కు కగోయా పేరు చదవగానే ఆమె లేచి నిలబడింది. నిలబడమని ఎవరూ చెప్పలేదు. కమిటీ పెద్ద ఆమె వైపు చూడకుండా టోపీ మడతలు పెడుతూ కూర్చున్నాడు. ఇక నుంచి ఆడవాళ్ళ వరస అయ్యాకే ఇటుకలకి నీళ్ళని తీర్మానం రాసుకున్నారు. మీటింగయ్యాక ఆమె గోడ దగ్గరికి వెళ్ళి తన పేరు మీద వేలు పెట్టి, ఒక్కో అక్షరం లెక్కపెట్టింది. అప్పుడు తీసిన ఫోటో పంపుతున్నాను. నీ ప్రాజెక్ట్‌కి పనికొస్తుంది.

నాదే తప్పు, నీదే ఒప్పు. రాసిచ్చాను, దాచుకో.

ఒక చిన్న ఇబ్బంది వచ్చింది. కగోయా భర్త వైస్వా ఆ ఇటుకల బట్టీలోనే కూలి. మీటింగయిన మర్నాడు అతన్ని రావద్దన్నారట. రెండు మూడు వారాల్లో చల్లబడుతుంది. నేను చూసుకుంటాను.

శశికళ


మోరిస్‌విల్
ఆగస్టు 28, 2011

అక్కా,

ఫోటో ముందు మా ఆఫీసులో, తర్వాత సన్నీవేల్‌లో జరిగిన ఒక పెద్ద మీటింగులో చూపించాను. గోడంత తెర మీద కగోయా, ఆమె వేలు, ఆమె పేరు. తర్వాత ఒకాయన వచ్చి ఇంకో నలభై సబ్‌కౌంటీలకి దీన్ని పెంచుదామన్నాడు. దామోదర్ గారు నాకు చేయి కలిపి, "నీ ఒక్క కాలమ్ గెలిచిందమ్మా" అన్నారు. వీసా కాగితాలు పోయిన వారమే వెళ్ళాయి.

మా అమ్మకి ఫోన్ చేసి, నీలాంటి ఒకామె పేరు అమెరికాలో తెర మీద వేశానని చెప్పాను. "ఆమె ఇంటాయన ఏమన్నడో" అంది. అమ్మకి ఎప్పుడూ అదే దిగులు.

కగోయాకి ఒక నోటుబుక్ పంపుతున్నాను. ఇక్కడ షాపులో అట్ట మీద మనకి కావలసిన పేరు అచ్చువేసి ఇస్తారు. బంగారు రంగు అక్షరాలు. ఆమె రాయలేకపోయినా ముటేసి రాసుకుంటుంది. వైస్వాకి మళ్ళీ పని దొరికిందా? ఆమె ఎలా ఉందో కాస్త ఎక్కువ రాయి, ఎప్పుడూ నాలుగు ముక్కలే రాస్తావు.

నీ
ఇందు


జింజా
అక్టోబర్ 16, 2011

ఇందూ,

నీ పార్సిల్ అందింది. నోటుబుక్ బాగుంది. నా దగ్గర ఉంచాను.

వానలు మొదలయ్యాయి. రోడ్డు బురదలో మా జీపు రెండుసార్లు కూరుకుపోయింది. నాకు మలేరియా వచ్చి తగ్గింది, కంగారు పడకు. కగోయా ఊళ్ళో లేదు. వాళ్ళ పుట్టింటి వైపు తీసుకెళ్ళారు.

కొత్తగా మొదలుపెట్టే చోట్ల గోడ మీద పేర్లు లేకుండా చేయడానికి వీలవుతుందా? ఊరికే అడుగుతున్నాను. నీ వీసా వచ్చాక చూడు, తొందరేం లేదు.

ఒంట్లో ఓపిక లేదు. ఇంకోసారి రాస్తాను.

శశికళ


మోరిస్‌విల్
నవంబర్ 20, 2011

అక్కా,

నీ ఉత్తరం పదిసార్లు చదివాను. అందులో ఒక్క ఎగతాళి లేదు. నన్ను తిట్టకుండా నువ్వు ఉత్తరం ముగించడం ఇదే మొదటిసారి. ఫోన్ చేస్తే లైన్ సరిగ్గా లేదన్నావు. నాకు నీ గొంతు బాగానే వినిపించింది.

మొన్న కొత్త సబ్‌కౌంటీల కోసం పాత మెసేజ్‌లన్నీ సర్దుతున్నాను. మా దగ్గర ఒక ఫోల్డర్ ఉంటుంది. ఊరి నంబరో సమస్య నంబరో లేకుండా వచ్చినవి అందులో పడతాయి. అవి సబ్‌కౌంటీకి వెళ్ళవు, నీకూ రావు. పంపినవాళ్ళకి మాత్రం ఒక జవాబు వెళ్తుంది. పిల్లలు మీటలతో ఆడుకుంటే వచ్చేవనుకుని ఎవరూ దాన్ని తెరిచి చూడరు. అందులో కగోయా నంబరు నుంచి పదకొండు మెసేజ్‌లు ఉన్నాయి. సెప్టెంబర్ మూడు నుంచి పదమూడు దాకా, రోజుకొకటి. పదకొండింటిలోనూ పేరు ఒక్కటే ఉంది. ఊరు లేదు, నంబరు లేదు. కగోయా. కగోయా. మర్నాడు మళ్ళీ కగోయా.

పదకొండుసార్లూ మా కంప్యూటర్ ఆమెకి ఒకటే జవాబు పంపింది. 'మీ ఫిర్యాదు అసంపూర్తిగా ఉంది. దయచేసి సరిచేసి మళ్ళీ పంపండి.' ఆ వాక్యం నేను రాసిందే. దయచేసి అనే మాట ఉండాలని పట్టుబట్టింది కూడా నేనే.

ఆమెకి అంకెలు బాగా వచ్చు. జూన్‌లో పంపిన మెసేజ్‌లో ఊరి నంబరూ, రెండూ సరిగ్గా ఉన్నాయి. మరి ఇప్పుడు పేరు ఒక్కటే ఎందుకు పంపింది?

దాచొద్దు అక్కా. వీసా గురించి ఆలోచించొద్దు. కగోయా ఎక్కడుంది?

ఇందు


జింజా
డిసెంబర్ 18, 2011

ఇందూ,

కగోయా లేదు. సెప్టెంబర్ పంతొమ్మిదిన పోయింది.

ఒకసారి ఈ కాగితం పక్కన పెట్టి మంచినీళ్ళు తాగి చదువు. నేను ఇప్పటికి నాలుగు కాగితాలు చింపాను.

ఆగస్టు దాకా వైస్వాకి ఎక్కడా పని దొరకలేదు. చుట్టుపక్కల బట్టీలన్నీ ఒకరికొకరు బంధువులవే. తాగడం మొదలుపెట్టాడు. కమిటీ పెద్ద కబురు పంపాడట, నీ భార్య మీటింగులో లేచి, పంపు మీద తను చెప్పింది తప్పని ఒప్పుకుంటే నిన్ను పనిలోకి తీసుకుంటానని. ఆమె చెప్పనంది. గోడ మీద నా పేరుంది, నేను అబద్ధమంటే నా పేరు అబద్ధమవుతుంది అందట. ఈ మాట పక్కింటామె చెప్పింది. వినగానే నువ్వు గుర్తొచ్చావు, అందుకే నీకు రాయలేకపోయాను.

సెప్టెంబర్ మొదట్లో అతను ఆమెని వెనక గదిలో పెట్టి బయట గడియ వేశాడు. రోజూ కొట్టేవాడు. ఫోన్ ఆమె నడుముకి కట్టుకుని దాచుకుంది. నాకెందుకు ఫోన్ చేయలేదని అడుగుతావు. మాట్లాడితే పక్క గదికి వినిపిస్తుంది, ఫోన్లో డబ్బు కూడా లేదు. మన మెసేజ్ ఒక్కటే డబ్బు లేకపోయినా వెళ్తుంది. అలా ఏర్పాటు చేసింది మనమే. ఊరి నంబరు ఎందుకు కొట్టలేదంటే, కొడితే తర్వాత సమస్య నంబరు కొట్టాలి. పంపు పాడవలేదు, తాళం వేయలేదు, నీళ్ళు శుభ్రంగానే ఉన్నాయి. ఆమెకి జరుగుతున్నదానికి నీ పట్టికలో నంబరు లేదు ఇందూ. అబద్ధం నంబరు కొట్టే మనిషి కాదు. తన పేరు చూస్తే ఎవరో ఒకరు వస్తారనుకుంది. పేరుకి అంత బలం ఉందని ఆమెకి నేర్పింది నేను. నువ్వొక్కదానివే కాదు.

నేను ఆ రోజుల్లో కంపాలాలో ట్రైనింగులో ఉన్నాను. పదహారున తిరిగొచ్చాను. ఆమెని అప్పటికే వాళ్ళ అన్న వచ్చి తన ఇంటికి మోసుకెళ్ళాడు. అక్కణ్ణించి ఆసుపత్రికి తీసుకెళ్తే కడుపులో ఎక్కడో దెబ్బ తగిలిందన్నారు. ఈ ఫోన్ సంగతంతా ఆ మూడు రోజుల్లో ఆమే నాకు చెప్పింది. పంతొమ్మిది పొద్దున నేను పక్కనే ఉన్నాను. వైస్వాని పోలీసులు తీసుకెళ్ళి, నాలుగు రోజులకి వదిలేశారు. ముటేసి ఇప్పుడు కగోయా తల్లి దగ్గర ఉంది.

తర్వాత కగోయా అత్తగారి దగ్గరికి వెళ్ళాను. కోపంతోనే వెళ్ళాను. మీ ఇంట్లో ఇంత జరుగుతుంటే ఇన్ని గడపల్లో ఒక్కరూ రాలేదేమని అడిగాను. ఆ ముసలామె ఏడుస్తూనే చెప్పింది. "వైస్వా భార్య అని రాసి ఉంటే అది మా వంశం మాట అయ్యేది. మేమందరం వెళ్ళి ఆ ఇటుకలవాడి వాకిట్లో కూర్చునేవాళ్ళం. వైస్వా కూడా కూర్చోవాల్సి వచ్చేది. తన పేరు ఒక్కటే రాసుకుంది. తన సంగతి తనే చూసుకుంటుందని మేమూ అనుకున్నాం, వాడూ అనుకున్నాడు."

ఆమె చెప్పింది న్యాయమని అనడం లేదు. కానీ మార్చిలో నేను నిన్ను అడగబోయి అడగలేకపోయింది ఇదే. నాకు సగమే తెలుసు. సగం తెలిసినదాన్ని గట్టిగా ఆపాల్సింది. నువ్వు కగోయా పేరు రోజూ నొక్కుకుంటున్నానని రాశావు, అది చదివి ఊరుకున్నాను.

అక్టోబర్లో నీకు అబద్ధం రాశాను. నీ వీసా కాగితాలు వెళ్ళాయని తెలుసు. ఒక మనిషి ఎలాగూ పోయింది, రెండో మనిషిని వెనక్కి పంపించడం ఎందుకనుకున్నాను. అది లెక్క కాదని ఇప్పుడు తెలుస్తోంది. నేను చెప్పకుండా ఉన్న మూడు నెలలూ గోడల మీద పేర్లు పడుతూనే ఉన్నాయి.

పంపు దగ్గర ఇప్పుడు ఆడవాళ్ళే ముందు నీళ్ళు పట్టుకుంటున్నారు. ఆ తీర్మానం అలాగే ఉంది. మెసేజ్‌లు మాత్రం ఎవరూ పంపడం లేదు.

శశికళ


మోరిస్‌విల్
జనవరి 29, 2012

అక్కా,

నీ ఉత్తరం జనవరి తొమ్మిదిన వచ్చింది. మంచినీళ్ళు తాగే చదివాను.

మర్నాడు దామోదర్ గారికి అంతా చెప్పాను. రేపు తేడా వస్తే నిన్నే అడుగుతానన్నారు కదా, అడగండి అన్నాను. ఆయన ఏమీ అడగలేదు. "కోడ్ అని నేనూ ఒక్కసారి అని ఊరుకున్నాను కదమ్మా" అన్నారు. గోడ మీద పేరు తీసేయడానికి ఎంతసేపు పట్టిందో తెలుసా? ఇరవై నిమిషాలు. పెట్టడానికి మూడు మీటింగులు పట్టింది.

వీసా వచ్చింది. అదే వారం. కవరు తెరిచి ఫ్రిజ్ మీద పెట్టాను. నాగమణి ఆంటీ వచ్చినప్పుడు చూసి స్వీటేదని అడిగారు. నాకు ఏడుపు ఆగలేదు. ఆవిడకి కగోయా సంగతి చెప్పాను. కారణాలేవీ అడగకుండా విని, చివరికి, "అందుకే గదనమ్మా నేను నీ ఫోన్ అడిగేది" అన్నారు. మేలో ఆవిడకి నేనిచ్చిన లెక్చర్ గుర్తొచ్చి తల ఎత్తలేకపోయాను. ఇప్పుడు రోజూ ఆవిడ వచ్చేసరికి ఫోన్ బల్ల మీద పెట్టి పక్క గదిలోకి వెళ్తున్నాను.

తర్వాత అమ్మకి ఫోన్ చేశాను. చెప్పగానే అమ్మ అడిగిన మొదటి మాట, "పోయిన ఆ పిల్లకి తల్లి ఉన్నదా?" ఉందన్నాను. అప్పుడు ఇన్నేళ్ళకి అడిగాను, గ్రామసభలో సెక్రటరీ నీ పేరెందుకు రాయలేదమ్మా అని.

"ఆయన రాస్తనన్నడు బిడ్డా. నేనే వద్దన్న" అంది.

నాకు అర్థం కాలేదు. మళ్ళీ అడిగాను.

"నా పేరు రాస్తే పటేలు మనుషులు నా ఒక్కదాని మీదికొస్తరు. హనుమయ్య భార్య అని రాయిస్తే మీ నాయిన గూడ నా పక్కన నిలబడాలె గద. ఆయన అన్నదమ్ములు నిలబడాలె. నేను అడగాల్సింది అడిగిన, ఒంటిగా కాకుండ అడిగిన."

మరి నాకెందుకు చెప్పలేదని అడిగాను.

"నువ్వు ఎన్నడన్న అడిగితివా? చదువుకున్నదానివి, అన్నీ నువ్వే మాకు చెప్తుంటివి" అంది. కోపంగా అనలేదు. నవ్వుతూనే అంది, ఎప్పుడూ అనేటట్టే.

పదహారేళ్ళుగా ఆ రిజిస్టరులో మా అమ్మని తుడిచేశారనుకుంటున్నాను అక్కా. ఆ కోపంతోనే చదివాను, దానితోనే ఇక్కడి దాకా వచ్చాను. అక్కడ ఉన్నది మా అమ్మ తెలివి. చదవడం వచ్చిన నాకు అది కనపడలేదు. ఆ కోపాన్నే తీసుకెళ్ళి కగోయా నెత్తిన పెట్టాను.

ఇంకొకటి మార్చి సిద్ధంగా ఉంచాను. ఇక మీద పేరు ఒక్కటే వచ్చినా అది అసంపూర్తి కాదు. జవాబేదీ వెళ్ళదు. నీ ఫోన్‌కీ, ఆ ఊళ్ళో ఆడవాళ్ళు ఎంచుకున్న ఇద్దరికీ కబురు వస్తుంది, ఎవరో ఒకరు లేచి వెళ్ళి చూడాలి. ఇది పనికొస్తుందో లేదో నాకు తెలీదు. పెట్టే ముందు ఆ రోజు మీటింగుకొచ్చిన ఆడవాళ్ళని కూర్చోబెట్టి అడుగు. వద్దంటే వద్దు. వాళ్ళని ఒప్పించమని నువ్వు నన్ను అడగకు, నేనూ నిన్ను అడగను.

నోటుబుక్ నీ దగ్గరే ఉంది కదా. దాని అట్ట మీద పేరుంది. అది ముటేసికి ఇవ్వాలో వద్దో నేను చెప్పను. కగోయా తల్లిని అడుగు. ఇంట్లో ఉంచుకోవడం ఇష్టం లేదంటే అట్ట చింపేసి కాగితాలు ఇవ్వు. అవి కూడా వద్దంటే నువ్వే వాడుకో, నాకు ఉత్తరాలు రాయడానికి. రాస్తావా అక్కా? తిట్టినా సరే.

ఆ ఫోల్డర్లో ఉన్నవి ఆరు నెలలకి వాటంతటవే చెరిగిపోతాయి. మార్చి సగమయ్యేసరికి ఒక్కటీ ఉండదు. పదకొండు తేదీలూ, సమయాలూ కాగితం మీద ఎక్కించుకున్నాను. చివరిది మా గడియారంలో రాత్రి పదకొండున్నరకి వచ్చింది, అంటే అక్కడ తెల్లవారి పంపు తాళం తీసే వేళ. ఆ వేళకి నేను ఇక్కడ మేలుకునే ఉన్నాను, సన్నీవేల్ ఫోటోలు చూసుకుంటూ.

నా ఫోన్‌కి ఇప్పుడు మీటలు లేవు, అంతా అద్దమే. ఐనా వేళ్ళు నేర్చుకున్నది మరిచిపోవడం లేదు. స్టీరింగ్ మీద, బల్ల అంచు మీద, పడుకున్నాక దుప్పటి మీద. ఐదు రెండుసార్లు, రెండు ఒకసారి, నాలుగు ఒకసారి, ఆరు మూడుసార్లు, తొమ్మిది మూడుసార్లు, రెండు ఒకసారి.

ఇందు